నొప్పి తెలియకుండా

మా ఆయన చీమకు కూడా హాని చెయ్యరని మా వీధిలో అందరూ అంటారు. నిజమే. చీమలంటే ఆయనకు ఆసక్తి లేదు. వాటికి రంగుండదు, సూది గుచ్చితే నిలవవు. రంగూ రెక్కలూ ఉన్నవాటి గతేమిటో మా హాలు గోడల్ని అడిగితే చెబుతాయి.

ఆయనకు ఏడాది పొడవునా పంటే. ఎండాకాలంలో జీరంగులు, వానాకాలంలో దీపం చుట్టూ తిరిగే చిమ్మటలు, చలికాలంలో కొమ్మలకు వేలాడే పురుగుల గూళ్లు, చలి తగ్గి పూలు విచ్చుకునేసరికి సీతాకోకచిలుకలు. మిగతా వాళ్లు ఎండను బట్టో గాలిని బట్టో కాలం మారిందని తెలుసుకుంటారు. నేను భోజనాల బల్ల మీద ఏ పురుగు పడుకుని ఉందో చూసి తెలుసుకునేదాన్ని. కళ్లజోళ్ల షాపులో అద్దాలు అరగదీసి ఫ్రేములకు బిగించడం ఆయన పని. ఆ సన్నటి పట్టకారులే పొద్దున్నే ఇంట్లో పురుగుల కాళ్లు సర్దేవి. సర్దినవన్నీ గాజు మూత పెట్టెల్లోకి, పెట్టె మూలల్లో కలరా ఉండలు. మా ఇంట్లో అన్నం కూడా కలరా ఉండల వాసనే వేసేది.

ఇంట్లో నలుగురం. ఆయన, అత్తయ్య, కాలేజీకి వెళ్లే మా అమ్మాయి, నేను. నాది బేకరీలో పని. కేకుల మీద క్రీముతో పూలు వేస్తాను. గులాబీ వేశానంటే తుమ్మెద వచ్చి వాలాలి, అలా వేసేదాన్ని. ఇది నా గొప్ప కాదు, ఓనరు అనే మాట. నాకు షుగరు. రెండు పూటలా ఇన్సులిన్ పొడుచుకోవాలి. పొద్దున్నించి సాయంత్రం దాకా క్రీములో చేతులు పెట్టి బతికినా, ఆ చెయ్యి నోటి దాకా వెళ్లింది లేదు. రుచి చూడాలంటే ఓవెన్ దగ్గరతన్ని పిలిచేదాన్ని. ఆ వాసనకే నా కడుపు నిండిపోయేది.

ఆ ఏడు వానలు తొందరగా మొదలయ్యాయి.

అంతకు ముందు ఆయన పురుగుల్ని ఒక సీసాలో వేసి చంపేవారు. అడుగున ఏదో మందు, పైన దూది. మూత తీసినప్పుడల్లా ఇల్లంతా కళ్లు మండేవి. మొదటి వానకే కిటికీలు మూసుకోవాల్సి వచ్చింది, అత్తయ్యకు తల పగిలిపోయింది.

"ఆ సీసా అయినా ఉండాలి, నేనైనా ఉండాలి ఈ ఇంట్లో" అంది.

ఆయన తల్లి మాట జవదాటరు. "సరేనమ్మా. చలిలో పెడితే నిద్రలోనే పోతాయట. నొప్పి కూడా తెలియదు" అని పురుగుల్ని డబ్బాలో పెట్టి ఫ్రిజ్ మంచుపెట్టెలోకి ఎక్కించారు. నా చేపముక్కలు కిందికి దిగాయి.

మొదటివారంలోనే ఒక పెద్ద చిమ్మట దొరికింది. లేతాకుపచ్చ రంగు, వెనక పొడుగాటి తోకలు. ఆయన చిన్నపిల్లాడిలా ఇల్లంతా తిరిగి అందరికీ చూపించారు. ఒక పగలంతా మంచుపెట్టెలో ఉంచి, సాయంత్రం తీసి, బెండు చెక్క మీద సూది గుచ్చి, రెక్కలు పరిచి పైన కాగితపు పట్టీలు బిగించారు. తెల్లారి నేను టీకి నీళ్లు పెడుతుంటే బల్ల దగ్గర టపటపమని చప్పుడు. వెళ్లి చూస్తే అది బతికే ఉంది. సూది చుట్టూ గుండ్రంగా తిరుగుతోంది. పట్టీలు తెగాయి, ఒక రెక్క సగానికి చీలింది, చెక్క నిండా ఆకుపచ్చ పొడి. పైగా తిరుగుతూ తిరుగుతూ గుడ్లు పెట్టింది, సూది చుట్టూ వరసగా.

ఆయన వచ్చి చూసి కుర్చీలో కూలబడిపోయారు. కళ్లల్లో నీళ్లు.

"రాత్రంతా దీనికి నొప్పి తెలిసింది" అన్నారు.

ఆ పూట అన్నం ముట్టలేదు. "నీది వెన్నలాంటి మనసురా నాన్నా, ఇట్లా అయితే ఎట్లా బతుకుతావు" అని అత్తయ్య వీపు నిమిరింది. నేను కూడా ఓదార్చాను. ఉన్న మాట చెప్పుకోవాలి, నాకూ మనసు కరిగింది.

ఆ రోజు నుంచి ఆయన జాగ్రత్త పెరిగింది. సాయంత్రం అందరి తిళ్లూ అయ్యాక చలి పెరిగేలా ఫ్రిజ్ మీట చివరిదాకా తిప్పేవారు. తెల్లవారుజామునే లేచి పురుగుల్ని బయటికి తీసి, మీట మళ్లీ వెనక్కి తిప్పేవారు. లేకపోతే ఆకుకూరలు నల్లబడుతున్నాయని అత్తయ్య గోల. ఫ్రిజ్ తలుపు అరలో నా మందు ఉండేది. అక్కడ ఆయన చిన్న చిన్న సీసాలు చేరాయి, పట్టుకొచ్చినవి మంచుపెట్టెలోకి వెళ్లేదాకా గిలగిల్లాడకుండా ఉండటానికి. నా మందు మంచుపెట్టెకు సరిగ్గా కిందికి వెళ్లింది.

"అక్కడెందుకండీ?" అన్నాను.

"అక్కడైతే ఇంకా చల్లగా, భద్రంగా ఉంటుంది. మందుకు చల్లదనమే కదా కావాలి" అన్నారు. కాదనడానికి నాకేం చదువుంది? చల్లగా ఉంచమని సీసా మీదా ఉంది, ఆయన నోటా వచ్చింది.

ఇంకో వైభోగం కూడా మొదలైంది. తెల్లారి పురుగుల్ని తీసేటప్పుడు నా మందు కూడా ఆయనే తీసి, నేను లేచేసరికి బల్ల మీద సిద్ధంగా పెట్టేవారు. ఒకరోజు తొందరగా మెలకువ వచ్చి చూస్తే, సీసాను రెండు అరచేతుల మధ్య పెట్టుకుని మెల్లగా రుద్దుతున్నారు.

"ఏం చేస్తున్నారు?"

"చల్లటి మందు పొడిస్తే నీకు నొప్పి పుడుతుంది కదా. వెచ్చబెడుతున్నాను."

బేకరీలో చెబితే ఆడవాళ్లంతా బుగ్గలు నొక్కుకున్నారు. "మా ఆయనకు నాకు షుగరుందన్న సంగతే గుర్తుండదే తల్లీ! నువ్వు బంగారు పూలతో పూజ చేసి పుట్టావు" అంది గిన్నెలు కడిగే ఆవిడ. నేను ఆ రోజంతా పొంగిపోతూ పూలు వేశాను. పిచ్చిమొహాన్ని.

వానాకాలంలో ఆయనకు ఇంకో పని, పాకం కాచడం. పంచదార పాకంలో మగ్గిన అరటిపండు పిసికి, వెడల్పు మూతి సీసాలో పోసి పులవనిచ్చేవారు. సాయంత్రం పెరటి గోడకూ చెట్టు మొదలుకూ కుంచెతో పూస్తే చిమ్మటలు వచ్చి వాలేవి. సీసా ఆయన బల్ల మీదే ఉండేది. అంచుకు ఈగలూ దోమలూ అతుక్కుని, లోపల తెగిన కాళ్లూ రెక్కలూ తేలుతూ. దాని పక్కన నిలబడాల్సి వస్తే కొంగు ముక్కుకు అడ్డం పెట్టుకునేదాన్ని.

వానలు ముదిరేసరికి నాకు దాహం పట్టుకుంది. ఎన్ని నీళ్లు తాగినా నోరు పిడచగట్టుకుపోయేది. చూపు మసకబారింది. ఆయన షాపుకు తీసుకెళ్లి పరీక్ష చేసి, కొత్త అద్దాలు బిగించి ఇచ్చారు. "వయసు కదా" అన్నారు. ఆ అద్దాల్లోంచి కూడా గులాబీ రేకులు ఒకదాని మీద ఒకటి పడిపోయేవి.

డాక్టరు దగ్గరికి అందరం వెళ్లాం. డాక్టరు రిపోర్టు చూసి, "ఏం తింటున్నారమ్మా?" అన్నాడు.

"మామూలుగానే తింటున్నానండీ."

"మామూలుగా తింటే ఇంత రాదే!"

"మా కోడలు బేకరీలో చేస్తుందండీ" అంది అత్తయ్య, ఎవరూ అడక్కుండానే.

డాక్టరు పెన్ను ఆపి, నా వైపు చూసి నవ్వాడు. అంతే, నా కేసు తేలిపోయింది. మందు మోతాదు పెంచాడు. తర్వాత వెళ్తే ఇంకా పెంచాడు. షుగరు మాత్రం దిగి రానంది.

ఇంటికి రాగానే అత్తయ్య పంచదార డబ్బా, బెల్లం, బిస్కెట్లు, ఆఖరికి తియ్యగా ఉంటుందని దగ్గుమందు కూడా బీరువాలో పెట్టి తాళం వేసింది. తాళంచెవి బొడ్లో దోపుకుంది.

"అత్తయ్యా, నేను తినడం లేదు. ఎట్లా చెబితే నమ్ముతారు?"

"నిప్పు లేనిదే పొగ వస్తుందా? మిషన్ అబద్ధం చెబుతుందా?"

మిషన్ అంటే వేలికి పొడిచి చూసే షుగరు మిషన్. అది మా అమ్మాయి చేతికి వెళ్లింది. నేను బేకరీ నుంచి రాగానే గుమ్మంలోనే వేలు చాపాలి. అంకె చూసి నా మొహం చూసేది. ఒకరోజు నా చేతిరుమాలు వాసన చూస్తూ దొరికిపోయింది. సిగ్గుపడకపోగా, "నోరు తెరువమ్మా" అంది. తెరిచాను. నా కడుపున పుట్టినది నా నోట్లో వాసన చూసింది.

"నీ మీద ఒట్టే, నేనేమీ తినలేదు" అన్నాను.

"నా మీద ఒట్లెయ్యకమ్మా బాబూ. నాకేమన్నా అయిందంటే?"

ఆ మాట ఇప్పటికీ నాకు అరగలేదు.

ఆయన మాత్రం ఒక్క మాట తూలలేదు. ఆ రాక్షసులిద్దరి మధ్యా ఆయనొక్కరే దేవుడనుకున్నాను. బల్ల ముందు కూర్చుని ఏదో పురుగు మీసాలు దువ్వుతూ, "నేనేమన్నా అన్నానా? నీ ఒళ్లు, నీ ఇష్టం. నా దగ్గర దాచకు, అంతే" అన్నారు.

"తింటే కదండీ దాచడానికి!"

"సరే" అన్నారు. అలా సరే అనేకంటే చెంప మీద కొట్టినా బాగుండేది.

ఒక మధ్యాహ్నం నేను పెళ్లికేకు మీద పూలు వేస్తున్నాను. ఆయన గొడుగు ముడుస్తూ బేకరీలోకి వచ్చారు. అన్నం డబ్బా మర్చిపోయానేమో, తెచ్చారనుకున్నాను. నేరుగా ఓనరు దగ్గరికి వెళ్లి, అందరూ చూస్తుండగా రెండు చేతులూ జోడించారు.

"అన్నా, మా ఆవిడను క్రీము దగ్గర నిలబెట్టకండి. తనను తాను ఆపుకోలేకపోతోంది. మీ కాళ్లు పట్టుకుంటాను."

గిన్నెల చప్పుడు ఆగిపోయింది. ఓవెన్ దగ్గరతను పళ్లెం చేతిలో పట్టుకుని అలాగే నిలబడ్డాడు. ఇన్నేళ్లూ నా బదులు రుచి చూసినవాడు, ఒక్క మాట చెప్పొచ్చు కదా? చెప్పలేదు. నా చేతిలో క్రీము సంచి బిగుసుకుని, కేకు మీద ఇంత ముద్ద పడింది.

ఓనరు మంచివాడే. తల గోక్కుని, "కొన్నాళ్లు పెట్టెలు మడవమ్మా, చూద్దాం" అన్నాడు. పూలు వేసే చోట ఇంకో అమ్మాయి నిలబడింది. నేను మూల కూర్చుని అట్టపెట్టెలు మడిచాను. "పెట్టె అంచు నాకుతావేమో, జాగ్రత్త" అని ఎవరో అంటే అందరూ నవ్వారు. గిన్నెలు కడిగే ఆవిడ కూడా నవ్వింది.

గోరుచుట్టు మీద రోకటిపోటు అంటారే, అక్షరాలా అదే అయింది నాకు. వానకు తడిసిన చెప్పు ఒరుసుకుని కాలి చిటికెన వేలు పుండుపడింది. మామూలు మనిషికైతే నాలుగు రోజుల్లో ఎండిపోతుంది. నాది నల్లబడింది. కట్టు కట్టుకుని కుంటుతూ వెళ్తే, కొనడానికొచ్చినవాళ్లు చూస్తున్నారని ఓనరు, "తగ్గాక రామ్మా" అన్నాడు. తగ్గలేదు. జ్వరం వచ్చింది. ఆసుపత్రిలో వేలు తీసేశారు.

అక్కడ ఒక వింత జరిగింది. ఆసుపత్రి మందు, ఆసుపత్రి నర్సు చేత్తో పొడిస్తే, అదీ ఇంట్లో కంటే తక్కువ మోతాదుతో, షుగరు రెండో రోజుకే బుద్ధిగా దిగి వచ్చింది. నాకు ప్రాణం లేచొచ్చింది. ఇప్పుడైనా నమ్ముతారు కదా అనుకున్నాను.

"చూశారా! ఇక్కడ తీపి దొరకదు కాబట్టి దిగింది" అంది అత్తయ్య వార్డంతా వినబడేట్టు. పక్క మంచం వాళ్లు కూడా తలూపారు. నిజమే కదా మరి, అంత నిక్కచ్చిగా చెబితే ఎవరు కాదంటారు?

నర్సు మాత్రం తలూపలేదు. పెద్దావిడ, తన పని తాను చూసుకునే మనిషి. కట్టు మారుస్తూ, "ఇంట్లో మందు ఎక్కడ పెడతారు?" అని అడిగింది.

"ఫ్రిజ్‌లోనేనండీ" అన్నారు ఆయన.

"ఎప్పుడన్నా గడ్డకట్టిందా? ఒక్కసారి గడ్డకడితే ఇక అది మందు కాదు, కరిగినా నీళ్లతో సమానం. పారెయ్యాల్సిందే."

నేను ఆయన వైపు చూశాను. తెల్లవారుజామున ఆ రెండు అరచేతులూ, వాటి మధ్య రుద్దుతున్న సీసా. వెచ్చబెట్టడం కాదది. కరిగించడం. దొంగకు తేలు కుట్టినట్టు ఆయన మొహం ఒక్క క్షణం బిగుసుకుంది. తర్వాత ట్యూబులైటు మీద వాలిన ఏదో పురుగును చూస్తూ అన్నారు.

"లేదండీ. తలుపు అరలోనే ఉంటుంది."

"మంచుపెట్టె కింద కదండీ పెట్టారు" అన్నాను.

"జ్వరం కదండీ, పలవరిస్తోంది" అన్నారాయన, నా నుదుటి మీద చెయ్యి వేసి.

నర్సు నన్నూ ఆయన్నీ మార్చి మార్చి చూసింది. తర్వాత అత్తయ్యకు చెప్పింది, "ఎప్పుడన్నా చెమటలు పట్టి వణికితే షుగరు పడిపోయినట్టు. వెంటనే నోట్లో పంచదార వెయ్యండి. ఆలస్యమైతే ప్రాణం మీదికొస్తుంది."

"ఇంకేం, మా కోడలికి సాకు దొరికింది" అంది అత్తయ్య.

ఇంటికి పంపేటప్పుడు డాక్టరు, "మందులో తేడా లేదంటే తిండిలోనే తేడా. ఇంటికి వెళ్తే మళ్లీ తింటుంది కాబట్టి ఇంటి మోతాదే కొనసాగించండి" అని రాసిచ్చాడు. అది వింటూ ఆయన అక్కడే ఉన్నారు. ఒక్క మాట అంటే సరిపోయేది. గొడుగు అందుకుని, "వెళ్దామా?" అన్నారు.

ఇంటికొచ్చి మంచినీళ్ల కోసం ఫ్రిజ్ తలుపు తెరిచాను. నా మందు తలుపు అరలో ఉంది. కొత్త సీసా, సీలు కూడా తియ్యలేదు. పాత సీసా లేదు. పురుగుల డబ్బాల్లేవు. మీట మధ్యలో ఉంది. వెనక వసారాలో పురుగుల్ని చంపే పాత సీసా కడిగి బోర్లించి ఉంది. ఎవరూ ఎవరికీ ఏమీ చెప్పలేదు. ఫ్రిజ్ మాత్రం చెప్పింది, విన్నది నేనొక్కదాన్నే.

మర్నాడు సెలవు రోజు. పొద్దున్నే మా అమ్మాయి సూదిలోకి మందు ఎక్కించింది. ఇప్పుడు ఆ పెత్తనం కూడా దానిదే.

"అంత వద్దే. ఆసుపత్రిలో అంత ఇవ్వలేదు. ఇది కొత్త సీసా."

"డాక్టరు రాశాడు. తక్కువ పొడుచుకుని, పెరిగితే మందు పని చెయ్యలేదని చెబుదామనా?" అంటూ పొడిచేసింది.

వాన ధారగా పడుతోంది. ఆయన కిటికీ దగ్గర బల్ల ముందు కూర్చుని ఒక చిమ్మట రెక్కలు పరుస్తున్నారు. నేను కింద చాప మీద కూర్చుని చిక్కుడుకాయలు తుంపుతున్నాను. కాసేపటికి కాయ చేతిలోంచి జారింది. మళ్లీ తీశాను, మళ్లీ జారింది. ఒళ్లంతా చల్లటి చెమట. గుండె గబగబా కొట్టుకుంటోంది. నర్సు చెప్పింది ఇదే అనుకున్నాను. చాలాసేపు అదే మాట అనుకుంటూ కూర్చున్నట్టున్నాను.

"అత్తయ్యా, కాస్త పంచదార. ఒక్క చెంచా."

అత్తయ్య పత్రిక పక్కన పెట్టింది. "అదిగో! ఇంట్లో అడుగుపెట్టి ఒక రోజు కాలేదు, మొదలెట్టింది."

"వణుకొస్తోంది అత్తయ్యా. నర్సు చెప్పింది కదా..."

"చెప్పబట్టేగా నేర్చుకున్నావు!"

"అమ్మా, డ్రామాలు ఆపు. చూడలేకపోతున్నాం" అంది మా అమ్మాయి ఫోన్లోంచి తల ఎత్తకుండా.

నాలుక మందమైపోయింది. మాట ముద్దగా వస్తోంది. చాప మీద పక్కకు ఒరిగిపోయాను. అక్కడి నుంచి ఆయన ఒక్కరే కనబడుతున్నారు. ఆ ఇంట్లో నాకేమవుతోందో తెలిసిన మనిషి ఆయనొక్కరే. చేతిలో సూది పట్టుకుని నా వైపు చూశారు. పురుగును డబ్బాలోంచి తీశాక ఇంకా కదులుతోందా లేదా అని చూస్తారు, అలాగే చూశారు.

"పంచదార ఇవ్వమనండి" అన్నాను. అన్నాననుకుంటున్నాను.

ఆయన పెదవులు కదిలాయి. తల్లి వైపు చూశారు, కూతురి వైపు చూశారు. పంచదార ఇవ్వమంటే ఎందుకని అడుగుతారు. ఎందుకో చెబితే ఆ సీసా సంగతి చెప్పాలి. నా వేలి సంగతి చెప్పాలి.

"కాసేపు ఆగు, అదే సర్దుకుంటుంది" అని మళ్లీ రెక్క మీదికి వంగారు.

అప్పుడు నేను పాకాను. ఎలా పాకానో నాకు తెలియదు. కాలి కట్టు ఊడి వెనకాల ఈడ్చుకొచ్చింది. ఆయన బల్ల అంచు పట్టుకుని లేచి, ఆ పాకం సీసా అందుకున్నాను. మూత తియ్యడానికి వేళ్లు రాలేదు, పళ్లతో తీశాను. చెయ్యి ముంచి నోట్లో పెట్టుకున్నాను. మళ్లీ ముంచాను. పులిసిన అరటిపండు, పంచదార, పళ్ల కింద పటుక్కుమనే రెక్కలు, గొంతుకు అడ్డం పడే కాళ్లు. అన్నీ మింగాను. ఆ వానాకాలం మొత్తానికి నేను తిన్న తీపి అదే.

మా అమ్మాయి "ఛీ!" అని అరిచి నోరు మూసుకుని పెరట్లోకి పరిగెత్తింది.

"చూశారా! కళ్లారా చూశారా!" అత్తయ్య లేచి నిలబడి చప్పట్లు కొట్టింది. "పురుగుల పాకం కూడా వదల్లేదు! ఇన్నాళ్లూ నేను చెబితే పిచ్చిదాన్నయ్యాను!"

ఆయన నా చేతిలోంచి సీసా మెల్లగా తీసుకున్నారు. వెలుతురుకు ఎత్తి ఎంత మిగిలిందో చూశారు. అంచు తుడిచి మూత బిగించారు.

"పోనీలే అమ్మా, ఏమనకు. ఇంకోసారి కాచుకుంటాను" అన్నారు.

కొంచెంసేపటికి చెమట ఆరింది. నాలుక నా మాట వింది. గోడకు ఆనుకుని కూర్చుని, అందరికీ వినబడేట్టే చెప్పాను. "నా మందు గడ్డకట్టింది. మీకు తెలుసు. తెల్లారి అరచేతుల్లో పెట్టి కరిగించారు. ఆసుపత్రిలో అడిగితే లేదన్నారు."

"నీకు నొప్పి పుట్టకూడదని వెచ్చబెట్టాను. అదీ తప్పేనా?" అన్నారాయన.

"మేలు చేసినవాడి మీదే నింద వేస్తుందమ్మా ఇది! తన నాలుక కట్టుకోలేక మొగుడి మీద తోస్తోంది" అని అత్తయ్య ముక్కు చీదింది. అక్కడితో ఆ మాట ముగిసిపోయింది. తర్వాత ఎన్నిసార్లు చెప్పినా అదే ముగింపు. మా అమ్మాయి వింటుంది, వాళ్ల నాన్న మొహం చూస్తుంది, లేచి వెళ్లిపోతుంది.

నేను కుంటుకుంటూ వెళ్లి ఆ నర్సును కలిశాను. ఆవిడ అంతా విని, డాక్టరుతో మాట్లాడి మోతాదు తగ్గించి రాయించింది. ఇప్పుడు నా మందు నా మంచం కింద, తడి ఇసుక పోసిన మట్టికుండలో ఉంటుంది. ఎవరినీ ముట్టుకోనివ్వను. పొడుచుకోవడం కూడా నేనే. మొగుడు తీసిచ్చిన మందు కూడా పనికిరాదట, ఎంత పొగరో అని అత్తయ్య వీధిలో చెప్పుకుంటుంది.

షుగరు మామూలైపోయింది. "నేను తాళం వేశాను కాబట్టి బతికింది" అని కూడా అదే వీధిలో చెబుతుంది. వినేవాళ్లు ఆవిడ చేతులు పట్టుకుని మెచ్చుకుంటారు.

చూపు తేటపడింది. ఆయన బిగించిన కళ్లజోడు పెట్టుకుంటే ఇప్పుడే మసకగా ఉంటోంది, తీసి అవతల పడేశాను. ఇక పూలు వెయ్యగలను కదా అని బేకరీకి వెళ్లాను. పాకం సంగతి నాకంటే ముందే అక్కడికి చేరింది. ఓనరు నా కళ్లలోకి చూడలేకపోయాడు. "కొనేవాళ్లకు తెలిస్తే బాగుండదమ్మా" అన్నాడు. అద్దాల అరలో కొత్త అమ్మాయి వేసిన గులాబీలున్నాయి. ఒక్క దాని మీద కూడా తుమ్మెద వాలదు. నాకు ఏడుపొచ్చింది, ఏడ్చాను, ఇంటికొచ్చాను.

వానలు వెనకబట్టాక, ప్రకృతి ప్రేమికుల సంఘం వాళ్లట, ఆయన పెట్టెలు చూడ్డానికి వచ్చారు. పెద్దమనుషులు, మెడలో బైనాక్యులర్లు. ఆయన ఉతికిన చొక్కా వేసుకుని ఒక్కొక్క పెట్టె దగ్గరా నిలబడి చెప్పారు. ఏది ఏ కాలంలో దొరుకుతుంది, ఏది ఏ ఆకు తింటుంది, అన్నీ. వాళ్లు నోళ్లు తెరుచుకుని విన్నారు.

హాలు మధ్యలో ఒక పెట్టెలో ఒకే ఒక్క చిమ్మట. లేతాకుపచ్చది, సగానికి చీలిన రెక్కతో. దాని చుట్టూ ఎండిపోయిన గుడ్లు అలాగే ఉంచారు.

"ఇది చిరిగింది కదండీ, ఎందుకు ఉంచారు?" అని అడిగింది ఒకావిడ.

ఆయన గాజు మీద వేలు ఆనించి చెప్పారు.

"చచ్చిపోయిందనుకుని గుచ్చానండీ. బతికే ఉంది. రాత్రంతా దానికి నొప్పి తెలిసింది. నా అజాగ్రత్త వల్లే. తప్పు నాదే, పూర్తిగా నాదే. అది మర్చిపోకూడదనే ఎదురుగా పెట్టుకున్నాను."

కళ్లజోడు తీసి తుడుచుకున్నారు. ఆవిడ కూడా కొంగుతో కళ్లొత్తుకుంది. నేను మంచినీళ్ల పళ్లెం పట్టుకుని గుమ్మంలో నిలబడి ఉంటే నా వైపు తిరిగింది.

"ఎంత సున్నితమైన మనసండీ! మీరు అదృష్టవంతులమ్మా."

నేను తలూపి, కుంటుకుంటూ వెళ్లి అందరికీ నీళ్లిచ్చాను. తప్పు నాదే అనే మాట పలకడం ఆయనకు వచ్చునని నాకు ఆ రోజే తెలిసింది.